పాస్తా వంటకం వేసేటప్పుడు సాస్ కొలత కూడా వెయ్యండి

సంపాదకులు గారికి నమస్కారం అండీ,

పోయిన నెల మీ ఆదివారం అనుబంధంలో వంటల పేజీలో కానెలోని వేశారు, అదే పెద్ద పెద్ద గొట్టాల్లా వుండే పాస్తాలో పాలకూర, చీజ్ కూరి ఓవెన్‌లో పెట్టేది. ఫోటో ఎంత బాగా వేశారంటే ఆ పేజీ మా ఇంట్లో ఫ్రిజ్ మీద అతికించాం, వారం రోజులు పిల్లలు రోజూ చూసి ఎప్పుడు చేస్తావు అమ్మా అని అడగడమే. ఆ శనివారం రాత్రి ఇంట్లో అందరం కలిసి భోజనానికి కూర్చునే రోజు, మా చెల్లి వాళ్ళు కూడా వస్తున్నారు, మొత్తం 7 మందిమి, సరే అని మీరు వేసింది వేసినట్టు చేశాను. చెల్లికి విడిగా చేసింది తప్ప, ఒక్క వస్తువు మార్చలేదు. అయినా ఆ రోజు ఏం జరిగిందో, ఆ తర్వాత నాలుగు సార్లు చేసి నేను ఏం తెలుసుకున్నానో చెప్పాలనే ఈ ఉత్తరం. కొంచెం పెద్దదే అయ్యింది, కానీ పూర్తిగా చదవమని కోరుతున్నాను.

మీ పేజీలో వున్నది ఇంతే, గొట్టాల్లో స్టఫింగ్ నింపి, డిష్‌లో పేర్చి, పైన టమాటా సాస్ పోసి, చీజ్ చల్లి, 180 డిగ్రీల దగ్గర 25 నిమిషాలు బేక్ చెయ్యాలి అని. గొట్టాలు ముందు ఉడకబెట్టాలా వద్దా రాయలేదు. సాస్ ఎంత, పల్చగానా చిక్కగానా రాయలేదు, "తగినంత" అని వుంది. మూత పెట్టాలా వద్దా లేదు. నేను ఉడకబెట్టకుండానే నింపాను ఎందుకంటే పాకెట్ మీద ఉడకబెట్టక్కర్లేదు అని వుంది, సాస్ బాగా చిక్కగా కాచి పైన పరిచాను, రుచిగా వుంటుందని. 25 నిమిషాలకి పైన చీజ్ బంగారు రంగులోకి వచ్చింది, చూడటానికి అచ్చం మీ ఫోటోలాగే వుంది. వడ్డించాక తెలిసింది, గొట్టాల చివర్లు కరకరమంటున్నాయి, మధ్యలో పచ్చిపిండి రుచి, లోపల స్టఫింగ్ నుంచి నీళ్ళు కారి డిష్ అడుగున ఒక పక్క మడుగు కట్టింది. మా అత్తయ్య గారికి పళ్ళతో ఇబ్బంది, గట్టివి నమలలేరు, ఆవిడ ఒక్క మాట కూడా అనకుండా మెత్తగా వున్నంత వరకు తిని చివర్లు కోసి ప్లేటు పక్కన పెట్టుకున్నారు. పిల్లలు చీజ్ గీక్కుని తిన్నారు. నాకు ఆ ప్లేట్లు తీస్తుంటే చాలా బాధ అనిపించింది అండీ, పొద్దున్నించి నిలబడి చేసిన వంట.

తప్పు ఎక్కడ వుందా అని కూర్చుని ఆలోచిస్తే అంతా నీళ్ళ దగ్గరే వుంది. ఈ వంటలో నీళ్ళు సాస్‌లో వుండాలి, స్టఫింగ్‌లో వుండకూడదు. నేను సరిగ్గా తిరగేసి చేశాను, మీ పేజీ చదివి చేసిన వాళ్ళు ఎవరైనా అలాగే చేస్తారు.

ఎందుకో చెప్తాను. ఎండు పాస్తా అంటే డ్యూరం అనే గట్టి గోధుమ రవ్వని నీళ్ళతో కలిపి, అచ్చులో తోసి, బాగా ఆరబెట్టింది. ఇటలీలో అయితే 1967లో చట్టమే చేశారు, ఎండు పాస్తా డ్యూరం గోధుమతోనే తయారు చెయ్యాలని. ఆ గట్టిదనం వల్లే ఉడికినా చిదిరిపోదు. కానీ ఉడకాలంటే దాని బరువుకి దగ్గర దగ్గరగా సమానమైన నీళ్ళు పీల్చుకోవాలి, 100 గ్రాముల ఎండు పాస్తా ఉడికాక తూస్తే 200 గ్రాముల పైనే వుంటుంది, మీరు కూడా ఇంట్లో తూచి చూడొచ్చు. ఒక పాకెట్ గొట్టాలు మామూలుగా 250 గ్రాములు వుంటాయి, అంటే ఆ గొట్టాలు తమ కోసమే పావు లీటరు నీళ్ళు తాగేస్తాయి. గిన్నెలో ఉడకబెడితే ఆ నీళ్ళు గిన్నెలోంచి వస్తాయి. ఉడకబెట్టకుండా డిష్‌లో పెడితే ఎక్కడినుంచి రావాలి? సాస్‌లోంచే రావాలి. చిక్కటి సాస్ దగ్గర ఇవ్వడానికి నీళ్ళే లేవు కదా. పిండి రేణువు ఉబ్బి మెత్తబడాలంటే వేడి, నీళ్ళు రెండూ కావాలి, వేడి ఒక్కటే తగిలితే వున్న తడి కూడా పోయి ఇంకా గట్టిపడుతుంది. నా గొట్టాల చివర్లు అదే అయ్యాయి, సాస్‌లో మునగకుండా పైకి తేలి వున్న చోటల్లా.

ఇంక పాలకూర. పాలకూరలో నూటికి 91 వంతులు నీళ్ళే. అర కిలో ఆకు అంటే అందులో దాదాపు 450 మిల్లీలీటర్ల నీళ్ళు వున్నట్టు. నేను ఆకు సన్నగా తరిగి రెండు నిమిషాలు మగ్గించి అలాగే చీజ్‌లో కలిపేశాను, ఆ తడికి గొట్టం లోపల్నించి ఉడికిపోతుందిలే అనుకున్నాను. అలా జరగదు. వేడికి ఆకులోంచి, చీజ్‌లోంచి నీళ్ళు ఒక్కసారిగా వదులుతాయి, గొట్టం పీల్చుకునే లోపలే రెండు చివర్లనుంచీ కారిపోతాయి, స్టఫింగ్ కుంగిపోయి గొట్టం సగం ఖాళీ అవుతుంది, కారిన నీళ్ళు అడుగున చేరి అడుగు మాత్రం ముద్దయిపోతుంది, పైన గట్టి, కింద ముద్ద.

అందుకే ఇప్పుడు నేను చేసే పద్ధతి పూర్తి కొలతలతో రాస్తున్నాను, మీరు వెయ్యదలుచుకుంటే వెయ్యండి. ఇది 20 గొట్టాలకి, మనిషికి మూడు చొప్పున 6, 7 మందికి సరిపోతుంది.

పాలకూర అర కిలో, మరుగుతున్న నీళ్ళలో ఒక్క నిమిషం ముంచి తీసి, చల్లనీళ్ళలో వేసి, గుప్పిటితో పట్టుకుని పిండాలి. పిండటం అంటే మామూలుగా కాదు, ఒకసారి పిండి, పక్కన పెట్టి, ఐదు నిమిషాలాగి మళ్ళీ పల్చటి గుడ్డలో మూటకట్టి మెలితిప్పాలి. అర కిలో ఆకు చివరికి రెండు గుప్పిళ్ళు అవుతుంది, అయ్యో ఇంతేనా అనిపిస్తుంది, అంతే వుండాలి. తర్వాతే సన్నగా తరగాలి. రికోటా చీజ్ 500 గ్రాములు, దాన్ని కూడా గుడ్డ పరిచిన జల్లెడలో వేసి కింద గిన్నె పెట్టి ఫ్రిజ్‌లో రెండు మూడు గంటలు వదిలెయ్యాలి, పొద్దున పెడితే మధ్యాహ్నానికి అడుగున ఎంత నీరు దిగుతుందో చూడండి, కొన్ని డబ్బాల్లో అర గ్లాసు దాకా దిగుతుంది. ఆ నీరు అంతా ఇంతకుముందు నేను గొట్టాల్లోకి పోసినట్టే కదా.

రికోటా ఎందుకు వాడతారో కూడా ఒక మాట చెప్పాలి ఎందుకంటే మీ పేజీలో "ఏ చీజ్ అయినా వాడొచ్చు" అని వుంది, అది సరి కాదు. మామూలు చీజ్ పాలలోని కేసీన్ అనే ప్రోటీన్‌తో అవుతుంది, వేడి తగిలితే కరిగి సాగుతుంది. రికోటా వేరు. చీజ్ తీసేశాక మిగిలిన తేట నీళ్ళని మళ్ళీ 80 డిగ్రీల పైకి కాస్తే అందులో మిగిలిన ప్రోటీన్లు పైకి తేలి గడ్డ కడతాయి, అదే రికోటా, ఆ ఇటాలియన్ మాటకి అర్థమే మళ్ళీ కాచినది అని. అప్పటికే వేడికి గడ్డకట్టిన ప్రోటీన్ కాబట్టి ఓవెన్‌లో కరిగి పారిపోదు, పెట్టిన చోటే మెత్తగా నిలబడుతుంది. గొట్టంలో మొత్తం మొజరెల్లా కూరితే అది కరిగి బయటికి వచ్చేస్తుంది, లోపల గుల్ల మిగులుతుంది. నా రెండో ప్రయత్నంలో అది కూడా చేసి చూశాను, మా చెల్లి చెప్పిందని. మొజరెల్లా కొంచెం కలిపితే సాగుతూ బాగుంటుంది, 100 గ్రాములు చాలు, అది కూడా నీళ్ళలో నానుతూ వచ్చే తాజా ముద్దలు కాకుండా గట్టిగా వుండే రకం.

ఈ పాలకూర, చీజ్‌లలో ఒక గుడ్డు, తురిమిన గట్టి చీజ్ 60 గ్రాములు, మిరియాల పొడి, ఉప్పు, జాజికాయ తురుము కలపాలి. జాజికాయ అప్పటికప్పుడు కాయ మీద గీరి వెయ్యాలి, రెండు మూడు గీతలు చాలు. పాలకూర, రికోటా, జాజికాయ ఈ మూడూ ఇటలీలో ఎప్పటినుంచో కలిసి నడిచే జత, జాజికాయ లేకపోతే స్టఫింగ్ చప్పగా అనిపిస్తుంది. ఉప్పు మాత్రం గుడ్డు కలపక ముందే రుచి చూసి సరిచేసుకోవాలి, రికోటాలో ఉప్పు దాదాపు వుండదు, పాస్తా కూడా ఉడకబెట్టడం లేదు కాబట్టి దానికి ఉప్పు పట్టే దారి లేదు, అందుకే స్టఫింగ్‌లోనూ సాస్‌లోనూ కాస్త ముందుకే వుండాలి.

ఇక్కడ ఇంకో సంగతి, ఇది మాత్రం మీరు తప్పకుండా సవరణ వెయ్యాలి. మీ పేజీలో వంటకం పైన శాకాహారం అని వేశారు, లోపల పర్మెజాన్ వాడమన్నారు. ఇటలీలో తయారయ్యే అసలైన పార్మిజానో రెజ్జానో చీజ్‌కి పాలు విరగ్గొట్టడానికి దూడ కడుపులోంచి తీసిన రెన్నెట్ వాడతారు, దాని నిబంధనల ప్రకారం అదే వాడాలి, వేరేది వాడకూడదు. అలాంటిదే ఇంకో గట్టి చీజ్ గ్రానా పదానో, అది కూడా జంతువుల రెన్నెట్‌తోనే. మా చెల్లి పూర్తి శాకాహారి, గుడ్డు కూడా తినదు. ఆ రోజు తను గుడ్డు వుందా అని అడిగి, నేను గుడ్డు వెయ్యకుండా విడిగా చేసింది తిన్నది, చీజ్ సంగతి ఇద్దరికీ తెలియదు. తర్వాత డబ్బా మీద చదివి తెలుసుకుని నేనే చెప్పాను, తను నన్ను ఏమీ అనలేదు కానీ మొహం చూస్తే తెలిసిపోయింది. మైక్రోబియల్ రెన్నెట్, అంటే జంతువులనుంచి కాకుండా సూక్ష్మజీవులతో చేసినది, అని డబ్బా మీద రాసి వున్న గట్టి చీజ్‌లు వుంటాయి, శాకాహారులకి అవి వాడాలి అని ఒక్క లైను వేస్తే ఎంతమందికి మేలో ఆలోచించండి. గుడ్డు తినని వాళ్ళకి గుడ్డు లేకుండా కూడా బాగానే వస్తుంది, రికోటా నీరు బాగా దిగి వుంటే గుడ్డు పని సగం అదే చేస్తుంది.

సాస్ సంగతికి వద్దాం, అసలు ఉత్తరం దీని కోసమే. ఆలివ్ నూనెలో సన్నగా తరిగిన ఒక ఉల్లిపాయ సన్నని మంట మీద మెత్తబడే దాకా, రెండు వెల్లుల్లి రెబ్బలు, తర్వాత వడకట్టిన టమాటా గుజ్జు 700 మిల్లీలీటర్లు, దానికి నీళ్ళు 300 మిల్లీలీటర్లు. ఉప్పు, నాలుగు బేసిల్ ఆకులు. పది నిమిషాలు మాత్రమే మరగనివ్వాలి, చిక్కబడనివ్వకూడదు. గరిటెతో తీసి పోస్తే ధారగా పడాలి, చూస్తే ఇదేంటి ఇంత పల్చగా వుంది అని భయం వేస్తుంది, మూడోసారి నేను ఆ భయానికే ఇంకో పది నిమిషాలు కాచేసి మళ్ళీ చివర్లు గట్టిగా తెచ్చుకున్నాను. గొట్టాలు తాగాక మిగిలేదే మనం తినే సాస్, అది అప్పుడు చిక్కగా వుంటుంది, ముందు కాదు.

డిష్ కొలత కూడా రాయాలి అండీ, మీరు అది కూడా వెయ్యలేదు. 23 బై 33 సెంటీమీటర్ల డిష్‌లో 20 గొట్టాలు ఒకే వరసగా పడతాయి. ఇదే సాస్ ఇంకా పెద్ద డిష్‌లో పోస్తే పల్చగా పరుచుకుని గొట్టాలు సగమే మునుగుతాయి, కాబట్టి డిష్ పెద్దదైతే సాస్ కూడా పెరగాలి. మూడో వంతు సాస్ అడుగున పోసి, గొట్టాలు మధ్యలో కొంచెం సందు వదిలి పేర్చాలి ఎందుకంటే అవి ఉబ్బుతాయి, మిగతా సాస్ అంతా పైన, మూలలు, చివర్లు ఏవీ బయటికి కనపడకుండా. నేను చెంచా వెనకతో ఒక్కొక్క గొట్టం చివర మీదా సాస్ తోస్తాను, అత్తయ్య గారు పక్కన పెట్టిన చివర్లు నాకు ఇంకా కళ్ళ ముందే వున్నాయి.

నింపడం గురించి కొంతమంది చాలా భయపడతారు, చెంచాతో నింపితే గొట్టం పగులుతుంది, సగం బయట పడుతుంది, విసుగొస్తుంది. మందపాటి ప్లాస్టిక్ కవర్లో స్టఫింగ్ వేసి మూల కత్తిరించి, గొట్టాన్ని నిలబెట్టి, కింద వేలు అడ్డం పెట్టి పిండితే రెండు సెకన్లలో నిండుతుంది. మా ఇంట్లో ఈ పని మా బాబుది, 11 ఏళ్ళు, వాడు కవర్ పట్టుకుంటాడు, పాప గొట్టాలు అందిస్తుంది, అత్తయ్య గారు పక్కన కుర్చీ వేసుకుని నిండినవి డిష్‌లో పేరుస్తారు. మొదటిసారి నేను ఒక్కదాన్నే గంట సేపు చేసిన పని ఇప్పుడు పదిహేను నిమిషాల్లో అయిపోతుంది, ఆ పదిహేను నిమిషాలు ఎవరి ఫోన్ ఎక్కడుందో కూడా ఎవరికీ గుర్తుండదు. కూరల తరుగుడులో పిల్లలని పిలిస్తే రారు కానీ దీనికి పిలవకుండానే వస్తారు, అందుకే నాకు ఈ వంట మీద ఇంత పట్టుదల వచ్చింది, లేకపోతే మొదటి రోజే వదిలేసేదాన్ని.

గొట్టాలు దొరకని వాళ్ళు పెద్ద గవ్వల్లాంటి పాస్తా వాడొచ్చు, కొంకిల్యోని అంటారు, కొంకిల్యా అంటే ఇటాలియన్‌లో గవ్వ. వాటిని మాత్రం ముందు ఉడకబెట్టాలి, పాకెట్ మీద రాసిన టైం కంటే రెండు మూడు నిమిషాలు ముందే తీసెయ్యాలి, లీటరు నీళ్ళకి 10 గ్రాముల ఉప్పు, 100 గ్రాముల పాస్తాకి లీటరు నీళ్ళు. తీశాక ఒకదాని మీద ఒకటి పడెయ్యకుండా నూనె రాసిన పళ్ళెంలో విడివిడిగా పరచాలి, లేకపోతే అతుక్కుని చిరుగుతాయి, ఎలాగూ కొన్ని చిరుగుతాయి కాబట్టి నాలుగైదు ఎక్కువే వెయ్యండి. ఇవి అప్పటికే నీళ్ళు తాగేసి వుంటాయి కాబట్టి సాస్‌లో ఆ 300 మిల్లీలీటర్ల నీళ్ళు అక్కర్లేదు. చూశారా, ఉడకబెట్టాలా వద్దా అనే ఒక్క మాట మీద సాస్ కొలత మొత్తం మారిపోతుంది, అందుకే ఆ మాట రాయకపోతే మిగతా రెసిపీ అంతా వున్నా లేనట్టే.

అసలు ఇటలీలో చాలా ఇళ్ళల్లో కానెలోని ఎండు గొట్టాలతో చెయ్యరు, గుడ్లు వేసి కలిపిన పిండిని పల్చగా వత్తి, ముక్కలు కోసి, నిమిషం లోపు ఉడకబెట్టి, గుడ్డ మీద ఆరబెట్టి, స్టఫింగ్ పెట్టి చాపలా చుడతారు. 100 గ్రాముల పిండికి ఒక గుడ్డు లెక్క, కలిపాక అరగంట ఆపాలి. ఆ పేరు కూడా కన్నా అనే మాటలోంచి వచ్చింది, అంటే రెల్లు, కానెలోని అంటే పెద్ద రెల్లు గొట్టాలు. స్పెయిన్‌లో కాటలోనియా వాళ్ళు డిసెంబర్ 26న, క్రిస్మస్ మర్నాడు, ముందు రోజు మిగిలిన మాంసంతో ఇవే చేసుకుంటారు, వాళ్ళు ఉడికిన పాస్తా రేకుల్లో చుట్టి పైన బెషమెల్ సాస్, అంటే పాలు, వెన్న, మైదాతో చేసే వైట్ సాస్ పోస్తారు. నేను కూడా ఒకసారి ఇలా తాజా పాస్తాతో చేశాను, చాలా మెత్తగా, నోట్లో కరిగిపోయినట్టు వచ్చింది, అత్తయ్య గారికి అదే అన్నిటికంటే నచ్చింది, కానీ పూట మొత్తం పడుతుంది, ఉద్యోగాలు చేసుకునే వాళ్ళకి ప్రతిసారీ కుదరదు. మాంసం పెట్టేవాళ్ళు మాత్రం కైమా పూర్తిగా వండి, చల్లార్చి, తర్వాతే నింపాలి, పచ్చి కైమా నింపి ఓవెన్‌ని నమ్ముకోకూడదు, మధ్యలో 74 డిగ్రీల వేడి తగలాలి, థర్మామీటర్ వుంటే పెట్టి చూసుకోవచ్చు.

ఓవెన్ విషయం. ముందు మూత, తర్వాత రంగు. 180 డిగ్రీలకి ఓవెన్ ముందే వేడెక్కాలి, డిష్ మీద ఫాయిల్ బిగించి 30 నిమిషాలు, ఆ లోపలి ఆవిరే గొట్టాల పైభాగాన్ని ఉడికించేది. తర్వాత కత్తి మొనతో ఒక గొట్టాన్ని గుచ్చి చూడాలి, అడ్డం లేకుండా దిగితే ఫాయిల్ తీసి చీజ్ చల్లి ఇంకో 15 నిమిషాలు, దిగకపోతే మూత వేసి ఇంకో పది నిమిషాలు. చీజ్ రంగు చూసి అయిపోయిందనుకోవడం నేను చేసిన పెద్ద తప్పు, చీజ్‌కి రంగు రావడానికి పైన వేడి చాలు, లోపల ఏం జరిగిందో దానికి సంబంధం లేదు. ఫ్యాన్ వున్న ఓవెన్ అయితే 20 డిగ్రీలు తగ్గించాలి, చిన్న ఓవెన్‌లో పై రాడ్ దగ్గరగా వుంటుంది కాబట్టి కింది అరలో పెట్టాలి.

ఫాయిల్ టమాటా సాస్‌కి తగలకుండా మధ్యలో బేకింగ్ పేపర్ వెయ్యమని కూడా రాయండి. టమాటా పులుపుకి అల్యూమినియం కరుగుతుంది, డిష్ స్టీల్‌ది అయితే మరీను, స్టీలు, అల్యూమినియం, మధ్యలో ఉప్పూ పులుపూ వున్న సాస్, అచ్చం బ్యాటరీలాగా పనిచేసి ఫాయిల్‌కి సన్న సన్న చిల్లులు పడతాయి. రాత్రి మిగిలింది స్టీలు డిష్‌లోనే ఫాయిల్ కప్పి ఫ్రిజ్‌లో పెట్టి పొద్దున్న చూస్తే నాకు అలాగే కనిపించింది, ముందు ఫాయిలే నాసిరకం అనుకున్నాను.

బయటికి తీశాక వెంటనే కొయ్యకూడదు, 10 నుంచి 15 నిమిషాలు వదిలెయ్యాలి, ఆ టైంలో సాస్ మిగతా తడి గొట్టాల్లోకి ఎక్కి, స్టఫింగ్ గట్టిపడి, ముక్క ముక్కగా లేస్తుంది. ఆకలితో వున్న 7 మందిని 15 నిమిషాలు ఆపడం కష్టమే, అందుకే భోజనం టైంకి అరగంట ముందే ఓవెన్‌లోంచి బయటికి వచ్చేలా నేను లెక్క వేసుకుంటాను. ముందు రోజు రాత్రే నింపి పెట్టుకుందాం అనుకునే వాళ్ళు గొట్టాలు నింపి డబ్బాలో విడిగా, సాస్ విడిగా ఫ్రిజ్‌లో పెట్టుకుని బేక్ చేసే ముందు కలపాలి, ముందే పోసి పెడితే రాత్రంతా గొట్టాలు సాస్ తాగేసి పొద్దున్నకి పొడిగా కనిపిస్తాయి. గాజు డిష్‌ని ఫ్రిజ్‌లోంచి తీసి సూటిగా వేడి ఓవెన్‌లో పెట్టొద్దు, పగిలే ప్రమాదం వుంది.

అయ్యా, మీ వంటల పేజీ రాసే వాళ్ళ మీద నాకు కోపం లేదు, పేజీలో స్థలం తక్కువ వుంటుందని తెలుసు. కానీ ఆ రోజు ఫోటోకి అర పేజీ ఇచ్చి, సాస్‌కి "తగినంత" అని ఒక్క మాట ఇచ్చారు. ఉప్పుకి తగినంత అంటే ఎవరి నాలుకని బట్టి వాళ్ళు వేసుకుంటారు, పాస్తా ఉడకడానికి కావలసిన నీళ్ళకి తగినంత అంటే ఎవరికి తెలుస్తుంది, మొదటిసారి చేసేవాళ్ళకి అస్సలు తెలియదు. ఫోటో రెండు అంగుళాలు తగ్గించి అయినా సరే, ఉడకబెట్టాలా వద్దా, సాస్ ఎన్ని మిల్లీలీటర్లు, డిష్ ఎంత, మూత ఎంతసేపు, మూత లేకుండా ఎంతసేపు, ఎంతసేపు ఆగాలి, ఇవి మాత్రం వెయ్యండి. శాకాహారం అన్న చోట చీజ్ గురించి సవరణ వెయ్యండి. ఆ పేజీ చూసి చేసి, కుదరక, ఇది మనకి రాదులే అని పాకెట్ అటక మీద పడేసిన వాళ్ళు నాలాంటి వాళ్ళు ఇంకా వుండే వుంటారు, వాళ్ళకి తెలియాలి తప్పు తమ చేతిలో లేదని.

పోయిన శనివారం ఐదోసారి చేశాను. అత్తయ్య గారు మూడూ తిన్నారు, చివర్లతో సహా. మా చెల్లి కోసం గుడ్డు లేకుండా, తనకి సరిపడే చీజ్‌తో చిన్న డిష్ విడిగా పెట్టాను, తను డబ్బా చూపించమని కూడా అడగలేదు, నేనే తెచ్చి చూపించాను. ఫ్రిజ్ మీద మీ పేజీ ఇంకా వుంది, దాని మార్జిన్‌లో పెన్నుతో 700, 300, 30, 15 అని రాసుకున్నాను. మీరు సవరించి వేస్తే పాతది తీసేసి కొత్తది అతికిస్తాను.

ఇట్లు,
మీ పత్రిక పాఠకురాలు